అప్పీలుదారు గేటు దగ్గర ఉన్నారు

మా ఆయన రైల్వే గేటు కాపలాదారు. ఆ ఉద్యోగం పోయి చాలాకాలమైంది, అయినా ఎవరైనా అడిగితే నేను ఇప్పటికీ అలాగే చెబుతాను. ఇప్పుడాయన నా ఇస్త్రీ కొట్టులో బట్టలు మడతపెడుతున్నాడు. ఆ పనేమీ తక్కువది కాదు, కానీ మనిషికి ఏ పని నప్పిందో ఆ పని పేరుతోనే చెప్పుకోవాలని నా పట్టుదల. పెళ్ళయిన కొత్తలో మా వంటింటి తలుపు కూడా ఆయన గేటు వేసినట్టే వేసేవాడు. మెల్లగా, చివరిదాకా, గడియ పడిన చప్పుడు చెవులారా విని, ఇంకోసారి లాగి చూసి. నాకు ఒళ్ళు మండేది.

అలాంటి మనిషి గేటు వెయ్యడం మరిచిపోయాడని కోర్టు తేల్చింది.

ఒక మంచు పొద్దున బడి హెడ్మాస్టరుగారు సైకిలుతో సహా ఆ గేటు దగ్గర రైలు కింద పడి పోయారు. గేటు వేసే ఉందని మా ఆయన అన్నాడు. తెరిచి ఉందని మిగతా లోకం అంది. లోకాన్ని పూర్తిగా తప్పుపట్టలేను. హెడ్మాస్టరుగారంటే అందరికీ భయమూ భక్తీ. పిల్లలకు వరసలో నిలబడడం నేర్పిన మనిషి. అంత బాధ్యత గల మనిషి మూసి ఉన్న గేటు కింద సైకిలు వంచుకుని దూరతాడంటే నమ్మశక్యం కాదని, కాబట్టి గేటు తెరిచే ఉండాలని తీర్పులో రాశారు. "ఆగండి మాస్టారూ అని అరిచాను, వెనకనుంచి చొక్కా పట్టుకున్నాను, జారిపోయింది" అని మా ఆయన బోనులో చెప్పిన మాట ఎవరి చెవికీ ఎక్కలేదు. జైలుశిక్ష పడింది. పైకోర్టుకు అప్పీలు చేసుకుని బెయిలు మీద ఇంటికొచ్చాడు. అప్పీలు బతికి ఉన్నన్నాళ్ళు ఆయన నా పక్కన ఉంటాడు. అప్పీలు పోతే జైలుకు పోతాడు. అంతే విషయం.

అప్పీలును కాపాడాల్సిన ప్లీడరు మొదట్లో ప్రతి వాయిదాకూ "మీరు రానక్కర్లేదు, నేనున్నాగా" అనేవాడు. తర్వాత ఆయనే వెళ్ళడం మానేశాడు. నల్లకోటు అటకెక్కించి, బావమరిదితో కలిసి కోళ్ళఫారం పెట్టుకున్నాడని మాకు ఆలస్యంగా తెలిసింది. ఆ కోళ్ళకైనా న్యాయం చేస్తున్నాడో లేదో. ఈలోగా కోర్టులో పిలిచినప్పుడల్లా మా తరఫున పలికే దిక్కు లేకపోయింది. అప్పీలుదారుకు అప్పీలు మీద ఆసక్తి ఉన్నట్టు లేదు, ఈసారి కూడా రాకపోతే కొట్టేస్తామని కబురొచ్చింది.

ఆ రోజు పొద్దున్నే లేచి ఆయన తెల్ల చొక్కాకు నేనే ఇస్త్రీ చేశాను. కాలరు దగ్గర, చేతుల దగ్గర, వీపు మీద ముడత అన్నది లేకుండా. జడ్జిగారు చూసేది చొక్కానే అన్నంత శ్రద్ధగా చేశాను. పెందలాడే బయల్దేరాం.

కోర్టు పట్టాలకు అవతల. దారి ఆ గేటు మీదుగానే.

బయట మంచు ఎంత దట్టంగా ఉందంటే, నడుస్తుంటే వీధి మాకోసం కొంచెం కొంచెంగా తయారవుతున్నట్టుంది. ముందు ఒక దీపస్తంభం, తర్వాత ఒక మూసిన షాపు తలుపు, తర్వాత మళ్ళీ ఏమీ లేదు. గేటు దగ్గరికి వచ్చేసరికి అది వేసి ఉంది. కాస్త దూరంలో గూడ్సు బండి సిగ్నలు కోసం ఆగింది. కనపడడం లేదు గానీ దాని ఊపిరి వినపడుతోంది. అది కదిలి వెళ్ళిపోతే గానీ గేటు లేవదు. జనం ఆగుతారా? మంచులోంచి ఒక్కొక్కరే రావడం, గేటు కడ్డీ ముందు నడుం వంచడం, అవతల మంచులో కలిసిపోవడం. చప్పుడు లేదు, తొక్కిసలాట లేదు. కలలో జనం నడిచినట్టు నడుస్తున్నారు.

మా ఆయన కడ్డీకి బారెడు దూరంలో ఆగిపోయాడు. నాకు తెలుసు ఆగుతాడని. అయినా అడగకుండా ఉండలేకపోయాను.

"ఏమండీ, ఈ ఒక్కసారికి వచ్చెయ్యండి."

"గేటు వేసుంది."

"అందరూ వెళ్తున్నారుగా."

"వెళ్తున్నారు" అన్నాడు, ఒప్పుకుంటున్నట్టు.

"అక్కడ పేరు పిలుస్తారండీ. మీరు లేకపోతే కొట్టేస్తారు. మిమ్మల్ని ఇంత చేసింది ఈ గేటే, దీనికింకా మర్యాదేంటి?"

"గేటు ఏం చేసింది? అది వేసే ఉంది" అన్నాడు. తర్వాత నా మొహం చూసి గొంతు తగ్గించాడు. "నువ్వెళ్ళు. బండి కదలగానే వచ్చేస్తా. వస్తున్నానని చెప్పు. ఇదిగో, ఆగు, రంగు తడిగా ఉంది."

నన్ను ఆపడానికి అదొక సాకు అనుకున్నాను. కోపంతో కళ్ళు కనపడని స్థితిలో ఉన్నాను. తల వంచి దూరిపోయాను. పట్టాలు దాటుతుంటే వెనక మంచులోంచి ఆయన గొంతు వినపడుతూనే ఉంది, నా తర్వాత వచ్చినవాళ్ళకు కూడా అదే మాట. "రంగు తడిగా ఉందండీ. ఆగండి. రంగు తడిగా ఉంది." ఎవరూ ఆగిన అలికిడి లేదు. పిచ్చివాడనుకుని ఉంటారు.

కోర్టు మెట్ల దగ్గర ఆయనకోసం చాలాసేపు చూసి, ఇక లాభం లేదని లోపలికి వెళ్ళాను. కోర్టు హాలు పొడుగ్గా, ఎత్తుగా, మసక వెలుతురుతో ఉంది. పై కిటికీల్లోంచి మంచు లోపలికి చూస్తోంది. టైపు మిషను ఒకటి టకటకమంటూ, కాసేపు ఆలోచించుకుంటూ, మళ్ళీ టకటకమంటోంది. గోడవారగా ఉన్న బెంచీ మీద కూర్చున్నాను. జడ్జిగారు అప్పటికే కుర్చీలో ఉన్నారు. ఆయన్ని అందరూ చాటుగా గడియారం అంటారు. బెంచీ ఎక్కడంలో ఆయనకు ఒక్క క్షణం తేడా రాదట. ఎదుటివాళ్ళ ఆలస్యాన్ని సహించరట. ఆ మాట నా పక్కన కూర్చున్న ముసలామె చెప్పింది. ఆమె ఏ కేసు మీద వచ్చిందో చెప్పలేదు, నేను అడగలేదు.

పిలుపుల బంట్రోతు గుమ్మం దగ్గరికి వెళ్ళి వరండాలోకి ఒక పేరు పిలిచాడు. మూడుసార్లు. మంచి గొంతు. వరండా అంతా తిరిగి, మెట్లు దిగి, బయట మంచులోకి పోయింది ఆ పేరు. ఎవరూ పలకలేదు. "హాజరు లేరండి" అన్నాడు బంట్రోతు. "కొట్టివేయడమైనది" అన్నారు జడ్జిగారు. టైపు మిషను టకటకమంది. ఇంకో పేరు. మళ్ళీ మంచులోకి. మళ్ళీ ఎవరూ లేరు. కొట్టివేయడమైనది.

నాకు ఆ మనుషులు కనపడసాగారు. పేరు తనను వెతుక్కుంటూ వస్తుంటే ఒకడు కాలు విరిగి మంచంలో పడుకుని ఉన్నాడు. ఇంకొకడు ఎక్కడో దూరంగా ఇటుకలు మోస్తూ, అప్పీలు ఎప్పుడో గెలిచానని నమ్ముకుని ఈల వేస్తున్నాడు. ఒకడు చచ్చిపోయాడు, పేరు వెళ్ళి వాడి ఖాళీ చెప్పుల దగ్గర నిలబడింది. మరొకడు ఇంట్లోనే ఉన్నాడు, బాగానే ఉన్నాడు, ఎదురుచూసి ఎదురుచూసి అలసిపోయి రావడం మానేశాడు. వీళ్ళందరూ ఒకప్పుడు నేను చెయ్యలేదు అని గట్టిగా అన్నవాళ్ళే కదా అనిపించింది. కొందరు చేసినవాళ్ళూ ఉంటారు. అది కూడా కాగితాలు చదివితేనే కదా తెలిసేది.

అప్పుడు మా ఆయన పేరు పిలిచారు.

నేను లేచి నిలబడ్డాను. 

"అయ్యగారూ, అప్పీలుదారు గేటు దగ్గర ఉన్నారండి."

"కోర్టు గేటు దగ్గరా?" అన్నారు జడ్జిగారు.

"కాదండి. రైలు గేటు దగ్గర. అది వేసుందండి."

హాలులో నవ్వు పుట్టి మెల్లగా పాకింది. ప్రభుత్వ ప్లీడరు కూడా ఫైలు చాటున నవ్వాడు. జడ్జిగారు నవ్వలేదు.

"మీరెవరమ్మా?"

"ఆయన భార్యనండి."

"మీరు రాగలిగారు. నేనూ ఆ గేటు అవతలినుంచే వస్తాను. ఇవాళా వచ్చాను, ఎప్పటి సమయానికే కూర్చున్నాను. మీవారికి మాత్రం అడ్డొచ్చిందా?"

ఏమని చెప్పను? ఆయన దూరడండి అంటే ఇంకోసారి నవ్వుతారు. 

"వెనకటి వాయిదాలకూ రాలేదు. ప్లీడరూ లేడు" అన్నారు ఆయన కాగితాలు చూస్తూ. గొంతులో కోపం లేదు, అలసట ఉంది. "సరే, భోజనాల వేళ దాకా చూస్తాను. అప్పటికీ రాకపోతే చేసేదేం లేదు. కూర్చోండి."

కూర్చున్నాను. చెవులు మాత్రం పట్టాల వైపే ఉన్నాయి. గూడ్సు బండి కూత వేస్తే కదిలినట్టు. కూత లేదు. పిలుపులు సాగుతున్నాయి, టైపు మిషను సాగుతోంది. తెల్లారకముందే లేచిన ఒళ్ళు, పైగా రాత్రంతా కన్ను మూయలేదేమో, రెప్పలు వాలిపోయాయి. కునుకులో ఏదో కనపడింది. నల్లకోట్లు వేసుకున్న మనుషులు ఒకరి వెనక ఒకరు నాకు వీపు చూపిస్తూ నడుస్తున్నారు, ప్రతి వీపు మీదా అడ్డంగా ఒక ఎర్రటి గీత. ఎవరో అందరికీ ఒకే గుర్తు వేసి పంపినట్టు. బట్టలు ఇలా పాడైతే ఇస్త్రీకి ఎలా తీసుకోవాలి అని కలలో కూడా విసుక్కున్నాను.

ముసలామె మోచేత్తో పొడిచింది. "నిద్రపోతే బయటికి పంపుతారమ్మా."

కళ్ళు తెరిచాను. బంట్రోతు గుమ్మం వైపు నడిచి వెళ్తున్నాడు. ఆయన వీపు మీద అడ్డంగా ఎర్రటి గీత.

కల ఇంకా వదల్లేదనుకుని కళ్ళు నులుముకున్నాను. ప్రభుత్వ ప్లీడరు కాగితం తీసుకోవడానికి అటు తిరిగాడు. నల్లకోటు మీద, భుజాల కిందుగా, ఎర్రటి గీత. టైపు చేసే అమ్మాయి తెల్ల ఓణీ మీద గీత. ముందు వరసలో కూర్చున్న ఇద్దరి వీపుల మీద గీతలు. ఒకరి వీపు ఒకరికి కనపడుతూనే ఉంది, ఎవరి గొడవలో వాళ్ళుండి ఎవరూ చూడ్డంలేదు.

"మీ వెనకాల కూడా ఉంది" అంది ముసలామె తీరిగ్గా. "ఇందాకటినుంచీ చెబుదామనే అనుకుంటున్నా."

చెయ్యి వెనక్కి పెట్టి తడిమాను. వేళ్ళకు జిగటగా అంటింది. ఎరుపు. రంగు తడిగా ఉంది అన్న మాట అప్పుడు వినపడింది నాకు, ఆయన గొంతుతోనే.

భోజనాల వేళయింది. బంట్రోతు మా ఆయన పేరు మళ్ళీ పిలిచాడు. మూడుసార్లు. మూడోసారి కొంచెం ఎక్కువసేపు సాగదీశాడు, నా మీద జాలితోనే అనుకుంటాను. వరండాలో పావురాలు లేచాయి, అంతే. సరిగ్గా అప్పుడే దూరంగా గూడ్సు బండి కూత వేసింది. ఇప్పుడా, ఇంతసేపు లేనిది ఇప్పుడా అని నాకు ఏడుపొచ్చింది.

"హాజరు లేరండి."

జడ్జిగారు చెప్పడం మొదలుపెట్టారు. అప్పీలుదారు పలుమార్లు పిలిచినా రాలేదు, అప్పీలు కొనసాగించే ఉద్దేశం కనపరచలేదు, అందువల్ల కొట్టివేయడమైనది. టైపు మిషను ఒక్కో మాటనూ మేకులా కొట్టింది. "టైపయ్యాక పంపండి, సంతకం పెడతాను" అంటూ ఆయన లేచి, తన గది తలుపు వైపు తిరిగారు.

ఆ వీపు మీద కూడా ఉంది. అందరికంటే చిక్కగా, ఈ భుజం నుంచి ఆ భుజం దాకా.

నాకు భయం పోయింది. ఎక్కడికి పోయిందో తెలియదు.

"అయ్యగారూ" అన్నాను, "మీ కోటుకి రంగంటింది."

 జడ్జిగారు చెయ్యి వెనక్కి పోనిచ్చి తడుముకున్నారు. వేళ్ళు మొహం ముందుకు తెచ్చుకుని చూశారు.

"ఏం రంగిది?"

"గేటుదండి" అన్నాడు బంట్రోతు, తన చొక్కా వెనక్కి లాగి చూసుకుంటూ. "పొద్దున్నే వేసినట్టున్నారు. నాకూ అంటిందండి."

ప్రభుత్వ ప్లీడరు కోటు విప్పి చూసుకున్నాడు. టైపు అమ్మాయి ఓణీ ముందుకు లాక్కుంది. ముందు వరసవాళ్ళు ఒకరి వీపు ఒకరు చూసుకున్నారు. ఎవరూ నవ్వలేదు. జడ్జిగారు ఆ వీపులన్నీ ఒక్కొక్కటిగా చూశారు. వెనక్కి వచ్చి కుర్చీలో కూర్చున్నారు.

"ఆ ఫైలు ఇలా ఇవ్వండి."

కింది కోర్టు తీర్పు తిరగేసి ఒకచోట ఆగారు.  తర్వాత తనకు తానే చెప్పుకుంటున్నట్టు పైకి చదివారు. "బాధ్యత గల ఏ మనిషైనా మూసి ఉన్న గేటు కింద దూరతాడంటే నమ్మశక్యం కాదు."  ఎర్రబడిన వేళ్ళు కాగితానికి అంటకుండా పైకెత్తి పట్టుకున్నారు.

అప్పుడు గుమ్మంలో మా ఆయన కనపడ్డాడు. పరుగెత్తుకొచ్చినట్టున్నాడు, జుట్టు మీద మంచు నీళ్ళయి కారుతోంది. హాలంతా తనవైపు చూస్తుంటే కంగారుపడి చేతులు జోడించాడు.

"ఆలస్యమైందండి. గేటు ఇప్పుడే తీశారు."

జడ్జిగారు ఆయన్ని కళ్ళు చికిలించి చూశారు. "పొద్దున అక్కడ నిలబడి రంగు తడిగా ఉందని చెప్పింది మీరేనా?"

"నేనేనండి. అందరికీ చెప్పాను. మీకూ చెప్పానండి. తొందర్లో ఉన్నట్టున్నారు, వినలేదు."

"వినపడింది" అన్నారు జడ్జిగారు మెల్లగా. "ఆగలేదు."

మా ఆయన వాదన చెయ్యడం చేతకాని మనిషి. ఉన్నది ఉన్నట్టు చెప్పడమే వచ్చు.

"ఆ రోజు మాస్టారికి కూడా చెప్పానండి. ఆయనా పెద్దమనిషే. బడికి వేళవుతోందన్నారు."

"ఒకసారి అటు తిరగండి" అన్నారు జడ్జిగారు.

ఎందుకో తెలియక మా ఆయన తిరిగాడు. నేను పొద్దున ఇస్త్రీ చేసిన వీపు. తెల్లగా, ఒక్క మచ్చ లేకుండా. పరుగులో పడిన ముడతలు తప్ప. ఆ హాలులో అలాంటి వీపు ఇంకొకటి లేదు. నాకు కళ్ళనీళ్ళు ఆగలేదు, ఆపుకోవాలని కూడా అనిపించలేదు.

టైపయిన కాగితాన్ని జడ్జిగారు అడ్డంగా కొట్టేశారు. "ఈ అప్పీలు ఎక్కడికీ పోదు. మీకు ప్లీడరును కోర్టే పెడుతుంది" అన్నారు. ఆపైన కొంచెం తడబడి, "కానీ దీన్ని నేను వినకూడదు. నేనిప్పుడు జడ్జిని కాను, సాక్షిని. పక్క కోర్టుకు పంపుతాను, ఎందుకు పంపుతున్నానో కూడా రాసి పంపుతాను" అన్నారు. బంట్రోతు వైపు తిరిగారు. "పొద్దుటినుంచీ హాజరు లేరని కొట్టేసినవి ఉన్నాయి కదా. అవన్నీ మళ్ళీ నా బల్ల మీద పెట్టండి. మనుషులు రాకపోయినా కాగితాలు వచ్చాయి. చదువుతాను."

పక్క కోర్టులో విన్నారు, గెలిచాం కూడా. ఆ రోజు జనం మధ్యలో ఆయన నిర్దోషి అని చదివినప్పుడు నేను అందరికీ వినపడేలా ఏడ్చాను. కానీ నా మనసులో మెదిలేది ఆ తీర్పు కాదు, రంగంటిన రోజు సాయంత్రమే.

తిరిగి వస్తుంటే మంచు మళ్ళీ దిగుతోంది. గేటు మళ్ళీ వేసి ఉంది. ఎక్కడో బండి వస్తున్నట్టు పట్టాలు సన్నగా పాడుతున్నాయి. జనం ఎప్పటిలాగే ఒక్కొక్కరే వంగి దూరుతున్నారు. పొద్దుటి గీత వీపు మీద అలాగే ఉంది, దాని మీదే కడ్డీ రాసుకుంటోంది. ప్రభుత్వ ప్లీడరు కూడా కోటు చంకలో పెట్టుకుని దూరిపోయాడు. సిగ్గులేని జనం అని తిట్టుకున్నాను. కొట్టులో మడతపెట్టాల్సిన బట్టలు అలాగే ఉన్నాయి, ఇంటికి పోయి పొయ్యి వెలిగించాలి అనుకున్నాను. అనుకుంటూ ఉండగానే నా నడుం దానంతటదే వంగింది. అలవాటు. తల కడ్డీ కిందికి పోయింది కూడా.

వెనకనుంచి కొంగు బిగుసుకుంది. ముందుకు పోలేకపోయాను.

తిరిగి చూశాను. కొంగు ఆయన పిడికిట్లో ఉంది. వేళ్ళ కణుపులు తెల్లబడేలా పట్టుకున్నాడు. నావైపు చూడడం లేదు, పట్టాలవైపు చూస్తున్నాడు. నేను వెనక్కి వచ్చి ఆయన పక్కన నిలబడ్డాను. నిలబడ్డాక కూడా వదల్లేదు.

"ఇక్కడే ఉన్నానండీ" అన్నాను.

"ఈసారి జారలేదు" అన్నాడు.

బండి వచ్చింది. కిటికీల వెలుగులు మా మీదుగా పోయాయి, మంచు కాసేపు పసుపుపచ్చగా మారి మళ్ళీ తెల్లబడింది. చివరి పెట్టె ఎర్రదీపం కనపడకుండా పోయేదాకా నిలబడ్డాం. గేటు లేచింది. అప్పుడు ఆయన నా కొంగు వదిలాడు.